బొటనవేలి మొదట్లో ఉన్న జీను కీలు

(రోగుల బంధువుల కోసం ఆసుపత్రి వరండాలో ఇచ్చిన ఆరోగ్య ప్రసంగం)



ఓపీ మొదలవడానికి ఇంకా కాస్త సమయం ఉంది. మీలో కొందరు రాత్రంతా మీ వాళ్ళ మంచం పక్కన మేలుకొని ఉన్నారని నాకు తెలుసు. అందుకని పెద్ద పెద్ద మాటలు చెప్పను. ఈ రోజు ఒక చిన్న కీలు గురించి మాట్లాడుకుందాం. మోకాలి కీలు గురించి, తుంటి కీలు గురించి అందరూ అడుగుతారు. ఈ కీలు గురించి మాత్రం ఎవరూ అడగరు. బట్ట పిండలేనప్పుడు, సీసా మూత తిప్పలేనప్పుడు, అన్నం ముద్ద జారిపోయినప్పుడు "ఇదేమిటమ్మా" అంటూ వస్తారు. అప్పటికి ఏడాదో రెండేళ్ళో గడిచిపోయి ఉంటుంది. ఆ కీలు మీ బొటనవేలి మొదట్లో, మణికట్టు దగ్గర ఉంది.

ముందు ఒక పని చేయండి. కుడి అరచేయి పైకి పెట్టి ఒళ్ళో ఉంచుకోండి. బొటనవేలి గోరు ఎటు చూస్తోంది? పక్కకు చూస్తోంది కదా. ఇప్పుడు బొటనవేలిని నెమ్మదిగా తెచ్చి చిటికెనవేలి మొదట్లో ఆనించండి. గోరు ఇప్పుడు ఎటు చూస్తోంది? పైకి, మీ ముఖం వైపు చూస్తోంది. మిగతా నాలుగు వేళ్ళలో ఏదైనా ఇలా తిరిగిందా? తిరగదు. అవి మడుచుకుంటాయి, చాచుకుంటాయి, కాస్త పక్కలకు విడిపోతాయి, అంతే. బొటనవేలు ఒక్కటే అరచేతి మీదుగా ప్రయాణం చేసి మిగతా నలుగురికీ ఎదురు నిలబడుతుంది. ఆ ప్రయాణమంతా మొదట్లో ఉన్న ఒక్క కీలు వల్లే.

మన ఒంట్లో కీళ్ళు చాలా రకాలు. పిల్లల సైన్సు పుస్తకంలో ఉంటాయి చూడండి. మోచేయి తలుపు బందులాగా ఒకవైపే మడుస్తుంది, దాన్ని మడతబందు కీలు అంటారు. భుజం, తుంటి బంతి గిన్నె కీళ్ళు, గిన్నెలో బంతిలాగా అన్ని వైపులా తిరుగుతాయి. మెడ పైభాగంలో బొంగరపు కీలు ఉంది, కాదు అని తల ఊపేది దానితోనే. మణికట్టులోని చిన్న ఎముకలు ఒకదాని మీద ఒకటి జారుతాయి, అవి జారెడు కీళ్ళు. ఇక మనం చెప్పుకునేది జీను కీలు.

గుర్రం జీనును దగ్గరగా చూసినవాళ్ళు మన కోనసీమలో తక్కువే. పెళ్ళి ఊరేగింపులో గుర్రం వస్తే చూసి ఉంటారు. జీను ముందూ వెనకా పైకి లేచి మధ్యలో పల్లంగా ఉంటుంది. అదే జీనును ఎదురుగా నిలబడి చూస్తే మధ్యలో ఎత్తుగా ఉండి అటూ ఇటూ కిందికి వాలుతుంది. ఒకవైపు నుంచి గుంట, ఇంకోవైపు నుంచి గుట్ట. అలాంటి రెండు జీనులు ఒకదాని మీద ఒకటి అడ్డంగా బోర్లించినట్టు ఉంటుంది ఈ కీలు.

అర్థం కాలేదా? మీ రెండు చేతులే చాలు. ఎడమచేతి బొటనవేలు, చూపుడువేలు బాగా విడదీయండి. మధ్యలో ఒక వంపు వచ్చింది. కుడిచేతిలో కూడా అలాగే చేసి, ఆ వంపును ఈ వంపులో అడ్డంగా కూర్చోబెట్టండి. ఇప్పుడు కుడిచేతిని ముందుకీ వెనక్కీ ఊపండి, ఊగుతుంది. పక్కలకు ఊపండి, అలా కూడా ఊగుతుంది. బొంగరంలా గిర్రున తిప్పుదామంటే మాత్రం అడ్డం పడుతుంది. జీను కీలు నడక అంతా ఇదే. రెండు దిక్కుల్లో స్వేచ్ఛ, మూడో దిక్కులో కట్టడి.

మరి గోరు ఎలా తిరిగింది అని ఒక తెలివైన అమ్మాయి నన్ను అడిగింది, నర్సింగు చదువుకునే అమ్మాయే. మంచి ప్రశ్న. ఈ రెండు జీనులూ ఇరుకుగా బిగించినట్టు ఉండవు, కొంచెం వదులుగా కూర్చుంటాయి. బొటనవేలు అరచేతి నుంచి పైకి లేస్తూ, అదే సమయంలో లోపలికి వంగుతుంటే, ఆ వంపుల మీద జారుతూ ఎముక తనంతట తానే కొద్దిగా మెలి తిరుగుతుంది. మనం విడిగా మెలి తిప్పలేం. రెండు కదలికలూ కలిసినప్పుడు మూడోది దానంతట అదే వస్తుంది.

చేతిలో మొత్తం 27 ఎముకలు. అందులో 8 మణికట్టువి. ఆ ఎనిమిదిలో బొటనవేలి కింద ఉన్నదాని పేరు ట్రెపీజియం. దాని మీద అరచేతిలోని బొటనవేలి ఎముక కూర్చుంటుంది. ఈ రెంటి మధ్య ఉన్నదే మన జీను కీలు. ఎముకల చివర్లకు మృదులాస్థి అనే నున్నటి పొర ఉంటుంది. చుట్టూ గట్టి పట్టీలు ఎముకను ఎముకకు కట్టి ఉంచుతాయి, కొబ్బరి తాడుతో పడవను గట్టుకు కట్టినట్టు. పడవ కదలాలి, కానీ కొట్టుకుపోకూడదు. ఆ పట్టీలు సాగిపోయినా, పొర అరిగినా కష్టాలు మొదలవుతాయి.

ఇప్పుడు ఈ కీలు చేసే చాకిరీ చూడండి. మనం చేత్తో అన్నం తింటాం. నాలుగు వేళ్ళు ముద్దను మోస్తాయి, నోట్లోకి తోసేది బొటనవేలు. ఆత్రేయపురం వైపు నుంచి వచ్చిన అక్కలున్నారా ఇక్కడ? పూతరేకులు చుట్టేటప్పుడు మీ బొటనవేలు ఏం చేస్తుందో ఎప్పుడైనా గమనించారా? కాగితంకన్నా పల్చటి రేకు చిరగకుండా పట్టి, నెయ్యి, పంచదార వేసి మడత పెట్టాలి. గట్టిగా నొక్కితే పొడైపోతుంది, వదులుగా పడితే జారిపోతుంది. ఆ పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు వచ్చిందని పేపర్లో వేశారు. అందులో ఆ ఊరి ఆడవాళ్ళ బొటనవేళ్ళకు ఎంత వాటా ఉందో ఎవరూ రాయలేదు! నారు పీకడం, ఊడ్పులు, రొయ్యల షెడ్డులో తలలు తీయడం, రాజోలు వైపు లేసు అల్లడం, బండారులంకలో మగ్గం మీద తెగిన నూలు ముడి వేయడం, ఇంట్లో జడ అల్లడం, చంటిబిడ్డకు గుండీ పెట్టడం, అన్నీ ఈ కీలు మీదే. చేయి చేసే పనిలో సుమారు 40 శాతం బొటనవేలిదేనని వైద్యులు లెక్క కడతారు.

పూర్వం రాజులకు కూడా ఈ సంగతి తెలుసు. బైబిలులో న్యాయాధిపతుల గ్రంథంలో అదోనీబెజెకు అనే రాజు డెబ్బైమంది రాజుల బొటనవేళ్ళు కోయించాడని ఉంది. కత్తి పట్టలేనివాడు మళ్ళీ యుద్ధానికి రాడు కదా. ఏకలవ్యుడి కథ మీకు నేను చెప్పనక్కర్లేదు.

బరువు సంగతి చెబుతాను, ఇది మీకు ఆశ్చర్యంగా ఉంటుంది. బొటనవేలి కొనతో చూపుడువేలి కొనను కిలో బరువు పడేంత గట్టిగా నొక్కారనుకోండి. మొదట్లో ఉన్న ఈ కీలు మీద పడే ఒత్తిడి కిలో కాదు, సుమారు 12 కిలోలు. కూనీ, చావో అనే ఇద్దరు 1977లో లెక్క కట్టి చూపించారు. గట్టిగా గుప్పిట బిగించి పట్టుకుంటే ఆ ఒత్తిడి 120 కిలోల దాకా కూడా పోవచ్చన్నారు. ఎందుకంటారా? గునపంతో రాయి లేపేటప్పుడు చివర కొంచెం నొక్కితే మొదట్లో ఎంత బలం పుడుతుందో మీకు తెలుసు. వేలు కూడా అలాంటి గునపమే. నేలలో పాతిన గునపం మీద రోజంతా కొబ్బరికాయలు ఒలిచే మనిషి చేతిలో, రెండు బిందెల తడిబట్టలు పిండే తల్లి చేతిలో ఈ కీలు ఎంత మోస్తోందో ఊహించుకోండి.

అందుకే ఇది అరుగుతుంది. మగవారిలోనూ వస్తుంది గాని, ఆడవారిలో ఎక్కువ, అందులోనూ నెలసరి ఆగే వయసు దాటాక ఇంకా ఎక్కువ. నొప్పి బొటనవేలి మొదట్లో మొదలవుతుంది. తాళం తిప్పినా, మూత తీసినా, కత్తిపీట మీద కూర నొక్కి పట్టినా పొడుస్తుంది. పొద్దున్నే బిగుసుకున్నట్టు ఉంటుంది. కొన్నాళ్ళకు ఆ చోట ఎముక బుడిపెలా పొడుచుకువచ్చి చేయి నలుపలకలుగా కనిపిస్తుంది. బొటనవేలు బయటికి విచ్చుకోదు, పెద్ద గ్లాసు పట్టుకోవాలంటే చేయి తెరుచుకోదు. "నొప్పి ఉందా అమ్మా" అంటే "ఆయ్, ఎప్పట్నుంచో ఉందండి, వయసు కదా" అంటారు. ఆ "వయసు కదా" అనే మాట నాకు నచ్చదు. వయసుతో వచ్చినదానికి కూడా ఉపశమనం ఉంది. పక్కనున్న కోడలో కొడుకో "అమ్మ ఈ మధ్య బట్టలు పిండలేకపోతోంది" అని చెబితేనే మాకు తెలుస్తుంది. ఆవిడంతట ఆవిడ చెప్పదు. షుగరు ఉన్న పెద్దవాళ్ళు ఇన్సులిన్ సూది బొటనవేలితో పూర్తిగా నొక్కలేక సగం మందే ఎక్కించుకోవడం కూడా జరుగుతుంది. షుగరు ఎందుకు తగ్గడం లేదా అని మందు పెంచే ముందు, సూది ఎలా వేసుకుంటున్నారో ఒకసారి పక్కన నిలబడి చూడండి.

బొటనవేలి దగ్గర నొప్పి అంతా ఈ కీలుదే అనుకోకండి. చంటిబిడ్డ తల్లులకు బిడ్డను ఎత్తి ఎత్తి మణికట్టు పక్కన, బొటనవేలివైపు తాళ్ళు వాచి నొప్పి వస్తుంది, అది వేరు. వేలు మడిస్తే టిక్కుమని ఇరుక్కుపోయి, చేత్తో లాగితేగాని తెరుచుకోకపోతే అదీ వేరు. రాత్రిళ్ళు బొటనవేలు, చూపుడువేలు, నడిమివేలు తిమ్మిరెక్కి, చేయి విదిలిస్తే తగ్గుతుంటే మణికట్టులో నరం నొక్కుకుంటోందన్నమాట. ఒక్కోదానికీ వైద్యం వేరు కనుక డాక్టరుగారు చేయి పట్టుకుని చూడాలి. పొట్లంలో కట్టిచ్చిన పేరు తెలియని నొప్పి మాత్రలు నెలల తరబడి మింగితే కడుపులో పుండ్లు పడతాయి, బీపీ పెరుగుతుంది, మూత్రపిండాలు పాడవుతాయి. కొన్ని పొట్లాల్లో స్టెరాయిడ్ మాత్ర కూడా కలుపుతారు. రెండు రోజుల్లో హాయిగా ఉంటుంది, దాని అప్పు తర్వాత తీర్చాలి.

వైద్యం చాలావరకు చేతిని వాడే తీరులోనే ఉంది. బట్టను మెలి తిప్పి పిండకండి. కుళాయికి చుట్టి లాగండి, లేదా తీగ మీద వేసి నీరు కారనివ్వండి. గరిటె, కత్తి, చీపురు పిడి సన్నగా ఉంటే పాతగుడ్డ చుట్టి లావు చేయండి. పిడి ఎంత లావుగా ఉంటే బొటనవేలు అంత తక్కువ బిగించాలి. గిన్నెను అంచు పట్టి లేపకుండా రెండు అరచేతులతో కింద నుంచి ఎత్తండి. పొద్దున్నే గోరువెచ్చని నీళ్ళలో చేతులు పది నిమిషాలు ఉంచితే బిగువు వదులుతుంది. నీళ్ళ వేడి మోచేతితో చూసుకోండి, షుగరు వల్ల స్పర్శ తగ్గినవాళ్ళు కాల్చుకుంటారు. బొటనవేలికి, మణికట్టుకు కలిపి వేసే పట్టీ దొరుకుతుంది, కొన్ని వారాలు వాడితే చాలామందికి నొప్పి తగ్గుతుంది. వ్యాయామం కూడా చిన్నదే. పెద్ద గ్లాసు పట్టుకున్నట్టు బొటనవేలిని గుండ్రంగా విచ్చి, ఐదు అంకెలు లెక్కపెట్టి, వదలండి. రోజుకు రెండుసార్లు, పదేసి చొప్పున. నొప్పి పెరిగితే ఆపేయండి. వేలును పట్టి లాగి చిటుకుమనిపించవద్దు, మంగలి షాపులో కూడా వద్దు! వీటితో తగ్గకపోతే నొప్పికి పూసే జెల్, కీలులో ఇంజక్షన్, చివరికి ఆపరేషన్ ఉన్నాయి. ఆపరేషన్‌లో ఆ ట్రెపీజియం ఎముకను తీసేస్తారు. ఎముక తీసేస్తే వేలు ఉంటుందా అని భయపడతారు. ఉంటుంది, పనిచేస్తుంది. కాకపోతే కోలుకోవడానికి నెలలు పడుతుంది.

ఇక ఒక విషయం గట్టిగా చెప్పాలి. కాలువ గట్టు రోడ్ల మీద బండి జారి పడతారు. హ్యాండిల్ పట్టుకున్న చేయి అలాగే నేలకు తగిలి బొటనవేలి మొదట్లో వాపు వస్తుంది. వేలు కదులుతోంది కదా, బెణుకేలే అనుకుని పసుపు, సున్నం పట్టు వేస్తారు, లేదా కట్టు కట్టేవారి దగ్గర వెదురు దబ్బలతో కట్టించుకుంటారు. ఈ చోట ఒక ప్రత్యేకమైన విరుపు ఉంది. డబ్లిన్ నగరంలో ఎడ్వర్డ్ బెన్నెట్ అనే సర్జను 1882లో దాన్ని వర్ణించారు, ఆయన పేరే దానికి ఉంది. ఎముక మొదట్లో చిన్న ముక్క విరిగి దాని చోటే ఉండిపోతుంది, పట్టీ దాన్ని వదలదు. మిగతా ఎముకనంతా కండ పైకి, పక్కకు లాగేస్తుంది. అంటే జీను రెండుగా చీలి, స్వారీ చేసేది పక్కకు జారిపోయిందన్నమాట. బయటనుంచి ఎంత బిగించి కట్టినా ఆ కండ లాగుతూనే ఉంటుంది, అందుకే చాలాసార్లు సన్నటి తీగ గుచ్చి నిలబెట్టాల్సి వస్తుంది. మొదటి వారం పది రోజుల్లో వస్తే పని తేలిక. రెండు మూడు నెలలకు వస్తే ఎముక వంకరగా అతుక్కుని, కీలు అరుగుదల ముప్ఫై ఏళ్ళకే మొదలవుతుంది. ఒక ఎక్స్‌రే తీయించుకుంటే తేలిపోతుంది. ఎక్కడైనా కట్టు కట్టించుకున్నాక వేళ్ళు చల్లబడినా, నల్లబడినా, తిమ్మిరెక్కినా తెల్లారేదాకా ఆగకుండా విప్పించేయండి.

కీలు బాగానే ఉండి, దాన్ని నడిపే నరం చచ్చిపోతే కూడా బొటనవేలు ఎదురు నిలబడలేదు. కుష్ఠు వ్యాధిలో ఇదే జరుగుతుంది. బొటనవేలి కింది కండ కరిగిపోయి చేయి చదునుగా అయిపోతుంది. వేలూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీలో డాక్టర్ పాల్ బ్రాండ్ 1940ల చివర్లో ఇలాంటి చేతులకు ఆపరేషన్లు మొదలుపెట్టారు. పనిచేస్తున్న వేరే వేలి కండ తాడును తెచ్చి చచ్చుబడ్డ వేలికి తగిలిస్తారు. రోగి ఆ కండతో కొత్త పని నేర్చుకోవాలి. అయితే తాడు తగిలించినా కీలు మెత్తగా కదిలితేనే ఫలితం ఉంటుంది, కనుక చచ్చుబడ్డ వేలిని కూడా రోజూ రెండో చేత్తో కదుపుతూ ఉండాలి. ఇప్పుడు అంతదాకా రానక్కర్లేదు. ఒంటి మీద స్పర్శ లేని మచ్చ కనిపిస్తే దాచుకోకుండా రండి, ప్రభుత్వం మందు ఉచితంగా ఇస్తోంది. నరం నొప్పి పెట్టినా, వేలు బలం తగ్గినా అప్పటికప్పుడు చెబితే చాలావరకు నిలబెట్టుకోవచ్చు.

జీను కీళ్ళు ఇంకొన్ని కూడా ఉన్నాయి. చెవిలో బియ్యపుగింజంత ఎముకల మధ్య ఒకటి ఉంది. పాదంలోనూ అలాంటిదే ఒకటి ఉంది. మనకు బాగా తెలియాల్సింది మాత్రం మెడ కింద ఉన్నది. కాలర్ బోను లోపలి కొస, రొమ్ము ఎముకను కలిసే చోట వేలు పెట్టి చేయి పైకెత్తండి. వేలి కింద కదలిక తెలుస్తోందా? చేతిని మొండేనికి ఎముకతో కలిపే కీలు ఆ ఒక్కటే. కనుమ నాడు జగ్గన్నతోట తీర్థంలో ప్రభలు భుజాన ఎత్తుకుని పొలాలకు, కాలువకు అడ్డంపడి నడుస్తారే, ఆ బరువులో కొంత ఈ కీలు మీదుగానే రొమ్ముకు దిగుతుంది. ఇది తొందరగా జారదు. కానీ బండి ప్రమాదంలో రొమ్ము పైభాగానికి గట్టి దెబ్బ తగిలి, ఎముక లోపలికి నొక్కుకుపోతే గాలిగొట్టం మీద పడుతుంది. దెబ్బ తగిలాక మింగడం కష్టమైనా, ఊపిరి ఆడకపోయినా, గొంతు మారినా అది ప్రాణం మీదికి వచ్చే విషయం. వెంటనే పెద్దాసుపత్రికి తీసుకుపోండి.

పసిబిడ్డల తల్లులకు ఒక మాట. పుట్టిన కొత్తలో బిడ్డలు బొటనవేలిని గుప్పిట్లో దాచుకుంటారు, అది మామూలే. మూడు నాలుగు నెలలు దాటినా ఎప్పుడూ అలాగే బిగించి ఉంటే చూపించండి. తొమ్మిది, పది నెలలకు నేల మీద పడిన మరమరాన్ని బొటనవేలు, చూపుడువేలితో పట్టి తీస్తారు. మీకు చిరాకు, ఎందుకంటే నోట్లో పెట్టేసుకుంటారు. మాకు మాత్రం అది సంతోషం. ఏడాది నిండినా అలా తీయకపోతే, లేక ఏడాది లోపలే ఎప్పుడూ ఒకే చెయ్యి వాడుతూ రెండోది వదిలేస్తుంటే, "ఎడమచేతి వాటంలే" అనుకోకుండా పిల్లల డాక్టరుకు చూపించండి.

ఇక పక్షవాతం వచ్చినవారి బంధువులు ఈ వరండాలో నలుగురైదుగురు ఉన్నారు. మీ వాళ్ళ బొటనవేలు అరచేతిలోకి ముడుచుకుపోయి, శుభ్రం చేయడానికి తెరుచుకోవడం లేదని చెప్పారు. కొన పట్టి లాగకండి. కొన లాగితే పైకీళ్ళు వెనక్కి విరుచుకుంటాయి, మొదట్లో ఉన్న జీను కీలు మాత్రం ఇంకా బిగుసుకుంటుంది. ముందు మణికట్టును కాస్త కిందికి వంచండి, వేళ్ళు వదులవుతాయి. తర్వాత బొటనవేలి మొదట్లో ఉన్న ఎముకను, అరచేతి కండతో సహా, మీ గుప్పిట్లో పట్టి మెల్లగా బయటికి తీయండి. ఆ సందులో చెమట నిలిచి పుండు పడుతుంది కనుక రోజూ కడిగి పొడిగా తుడవండి. గోళ్ళు కత్తిరించండి. ఓపీ గంట కొట్టారు. ఆ నలుగురూ నాతో ఫిజియోథెరపీ గదికి రండి, మీ చేతులతోనే చేయించి చూస్తాను. మిగతావారు చీటీలు పట్టుకుని వరసలో కూర్చోండి.